పరదేశి పాత్ర

బ్రెజిల్ నటి ఇజబెల్లె లైతె 2013లో 'సిక్స్‌టీన్' హిందీ చిత్రంలోనూ, 2019లో తెలుగు 'మిస్టర్ మజ్ను'లోనూ నటించింది. 2020 నాటి 'వరల్డ్ ఫేమస్ లవర్'లో ఆమె పారిస్ కథలోని పైలట్ ఇజ.

ఉస్మానియా ఆర్ట్స్ కాలేజీ నుంచి తార్నాకకు నడుస్తుండగా ఒక విద్యార్థి, "స్త్రీని పైలట్‌గా చూపారు, అది అభ్యుదయం కాదా మాస్టారూ?" అన్నాడు. పాత్రకు ఉద్యోగమిస్తే వ్యక్తిత్వమిచ్చినట్టు కాదన్నాను. అదే చిత్రంలో ఐశ్వర్యా రాజేశ్ ధరించిన ఇల్లెందు సువర్ణకు ఊరుంది, సంసారముంది, నొచ్చుకునే మనసుంది. ఇజకు మాత్రం నాయకుని ప్రేమకు పనికివచ్చినంత మేరకే జీవితం.

బ్రెజిల్ స్త్రీ పారిస్ స్త్రీగా మారడం నటన. ఏ దేశపు స్త్రీ అయినా ఒకటేననుకోవడం రచనాలోపం. ఆ లోపం నటిది కాదు. అలాంటి పాత్రలతో ఆమె ప్రతిభను కొలవలేం. రచయితలం మనమూ గుర్తుంచుకోవాలి: మన కథలోకి వచ్చే పరాయి స్త్రీకి ముందుగా ఒక ఊరివ్వాలి.