మన్రో, పాలెగాళ్ళు, చెరువు: బర్టన్ స్టెయిన్ చరిత్రరచన - పరిశీలన

కీలకపదాలు: దత్తమండలాలు, థామస్ మన్రో, రైత్వారీ, పాలెగాళ్ళు, దశబంధ ఇనాం.

1. ప్రవేశిక

రాయలసీమ జనస్మృతిలో సర్ థామస్ మన్రో (1761-1827) రైతుల మేలుకోరిన దొర. గండి క్షేత్రంలో ఆయనకు బంగారు తోరణం కనిపించిందన్న కథ నేటికీ ప్రచారంలో ఉంది. ఈ కీర్తిని పక్కనుంచి, మన్రోను వలస రాజ్య నిర్మాతగా పరిశీలించిన చరిత్రకారుడు బర్టన్ స్టెయిన్. 1989లో వెలువడిన ఆయన గ్రంథంలోని వాదాన్ని అనంతపురం మెట్టసీమ దృష్టితో విశ్లేషించడం ఈ వ్యాసం ఉద్దేశం.

2. స్టెయిన్ వాదం

1800లో నిజాం ఈస్టిండియా కంపెనీకి అప్పగించిన దత్తమండలాలకు మన్రో 1807 వరకు ప్రధాన కలెక్టరు. ఆ సీమలో అప్పటికి సుమారు 80 మంది పాలెగాళ్ళు ఉన్నారు. రైత్వారీ కేవలం శిస్తు పద్ధతి కాదని, రైతుకూ ప్రభుత్వానికీ నడుమ ఉన్న స్థానికాధికారాన్ని తొలగించే రాజకీయ కార్యక్రమమని స్టెయిన్ ప్రతిపాదన. టిప్పు సుల్తాను ఆరంభించిన కేంద్రీకరణకు ఇది కొనసాగింపు అని కూడా ఆయన గుర్తించారు. మధ్యయుగ దక్షిణ భారత రాజ్యాలు స్థానికాధికారాల మీదనే నిలిచాయని 1980 నాటి గ్రంథంలో నిరూపించబూనిన స్టెయిన్, ఆ అధికారాల అంతాన్ని మన్రోలో చూశారు. రెండు గ్రంథాలను కలిపి చదివినప్పుడే ఈ వాదబలం తెలుస్తుంది.

3. నీటి ప్రశ్న

అయితే ఈ సీమలో స్థానికాధికారం కత్తితోనే కాక చెరువుకట్టతోనూ ముడిపడింది. చెరువు తవ్వించినవారికి, దాని మరమ్మతు బాధ్యత వహించినవారికి ఇచ్చిన భూమి దశబంధ ఇనాం. తిరుమల ఆలయానికి వచ్చిన కానుకలు చెరువులకు, కాలువలకు ఎలా చేరాయో తొలి పరిశోధనలో వివరించినవారు స్టెయినే. మన్రో గ్రంథంలో మాత్రం అధికార ప్రశ్నకు దక్కిన ప్రాధాన్యం నీటికి దక్కలేదు.

1807లో మన్రో చేసిన సిఫారసు ఇక్కడ కీలకం. సర్వే శిస్తులో భూములన్నిటికీ నూటికి 25 వంతులు తగ్గించాలని ఆయన కోరాడు. బావులను, చిన్న చెరువులను సొంత ఖర్చుతో బాగుచేసుకునే రైతులకు మరో 8 వంతుల తగ్గింపు సూచించాడు. మధ్యవర్తి తొలగిన తరువాత కట్ట బాగుచేసేదెవరన్న ప్రశ్నకు ఇది మన్రో ఇచ్చిన సమాధానం. ఆ భారం రైతు మీదికే వచ్చింది. దానికి ప్రతిగా కోరిన తగ్గింపును పైఅధికారులు అప్పట్లో ఆమోదించలేదు; 1808లో రైత్వారీకి బదులు గ్రామాలను గుత్తకిచ్చారు.

4. ముగింపు

పాలెగాళ్ళ దౌర్జన్యాన్ని కప్పిపుచ్చి వారిని చెరువుల సంరక్షకులుగా కీర్తించడం చరిత్ర కాదు. మన్రోను రైతుబంధువుగా మాత్రమే చూడడమూ అంతే. దొర కీర్తి వెనుక ఉన్న రాజ్యాన్ని చూపడం స్టెయిన్ సాధించిన విజయం. ఆ రాజ్యం వాన చాలని నేలమీద నీటి బాధ్యతను ఎవరికి బదలాయించిందో తేల్చడం మిగిలిన పని. మెకంజీ సేకరించిన గ్రామ కైఫీయతులను మన్రో నివేదికల పక్కనుంచి చదవడమే అందుకు మార్గం. కైఫీయతులు తెలుగులో ఉన్నందువల్ల ఆ బాధ్యత ప్రధానంగా తెలుగు పరిశోధకులది.