లేపి నిలబెట్టకండి

మాచర్ల రోడ్డు మీద బండి తగిలి కుక్క పడిపోతే మనవాళ్లు ముందు చేసే పని, చంకల్లో చేతులేసి దాన్ని లేపి నిలబెట్టడం. ఆ వెంటనే నోట్లో నీళ్లు పోయడం. రెండూ జాలితో చేసేవే. కానీ వెన్నుపూస విరిగి ఉంటే ఆ లేపుడుతోనే వెన్నుపాము ఇంకా నలుగుతుంది. స్పృహ సరిగా లేకపోతే పోసిన నీళ్లు ఊపిరితిత్తుల్లోకి పోతాయి.

ఇన్నేళ్లుగా పశువుల ఆసుపత్రి చుట్టూ తిరిగి నేను నేర్చుకున్నది, ముట్టుకోకముందు కాసేపు చూడటం. ఊపిరి ఎలా ఆడుతోంది? రెండు కంటిపాపలూ వేర్వేరు సైజుల్లో ఉన్నాయా? గుడ్లు అటూ ఇటూ ఊగుతున్నాయా? చెవిలోంచి నెత్తురు వస్తోందా? ఇవి తల దెబ్బ గుర్తులు. ముందుకాళ్లు కర్రల్లా బిగుసుకుని వెనకకాళ్లు చచ్చుబడితే దెబ్బ వెన్నుకి తగిలినట్టే.

డాక్టరు వెనకకాలి వేలు గట్టిగా నొక్కుతాడు. కాలు లాక్కోగానే ఇంటివాళ్లు ‘హమ్మయ్య, స్పర్శ ఉంది’ అని సంబరపడతారు. తొందరపడకూడదు. కాలు లాక్కోవడానికి మెదడుతో పనిలేదు, వెన్నుపాము ఒక్కటే ఆ పని చేసేస్తుంది. కుక్క తల తిప్పి చూడాలి, మూలగాలి, కరవబోవాలి. నొప్పి మెదడు దాకా చేరిందనడానికి సాక్ష్యం అదీ. అందుకే నొక్కినవాడి మీదికి గుర్రుమన్న కుక్కని చూస్తే నాకు ప్రాణం లేచివస్తుంది.

తీసుకెళ్లేముందు మూతికి గుడ్డపీలిక కట్టండి. వాంతి అవుతున్నా, ఊపిరి కష్టంగా ఉన్నా కట్టొద్దు. ఇంకో మాట: దెబ్బ తగలడం ఎవరూ చూడని కుక్క దవడ జారి, చొంగ కారుస్తూ, కాళ్లు పడిపోయి ఉంటే రేబిస్‌ని అనుమానించాలి. దాని నోటి దగ్గరికి చెయ్యి పోనివ్వకండి. కరిస్తే సబ్బు నీళ్లతో 15 నిమిషాలు కడిగి, ఆరోజే టీకాకి వెళ్లండి.

ఖాళీ మిర్చి గోతాం పక్కన పరిచి, ఒకరు భుజాల దగ్గర, ఒకరు నడుం దగ్గర పట్టి, ఒకేసారి దాని మీదికి జరపాలి. గోతాంతో సహా చెక్క పలక మీదికి లాగి, జారకుండా కట్టాలి. తల దెబ్బయితే తలవైపు పలక కింద ఇటుక పెట్టండి. తల కింద దిండు వద్దు. మెడ వంగితే మెదడు నుంచి రక్తం దిగే రక్తనాళాలు నొక్కుకుంటాయి. రెంటచింతల ఎండ సంగతి తెలిసిందేగా, ఆటో ఎక్కించేదాకా నీడలో ఉంచండి. పశువైద్య సహాయ నంబరు 1962కి ఫోను చేస్తే దగ్గరలో డాక్టరు ఎక్కడున్నారో తెలుస్తుంది. పెద్ద కేసయితే గన్నవరం పశువైద్య కళాశాల దాకా పోవాల్సి రావచ్చు.

దారిలో మన మాత్రలు వెయ్యకండి. తీసుకెళ్లేది పిల్లినైతే, పారాసిటమాల్ దానికి విషం. తల దెబ్బకి స్టెరాయిడ్ పొడవమని డాక్టరుని బతిమాలేవాళ్లూ ఉన్నారు. తల దెబ్బ తగిలిన 10,000 మందికి పైగా మనుషుల మీద జరిగిన ‘క్రాష్’ అనే మందు పరీక్ష ఫలితాలు 2004లో వచ్చాయి, స్టెరాయిడ్ ఇచ్చినవాళ్లలోనే చావులు ఎక్కువని తేలింది. పశువైద్యులూ తల దెబ్బకి దాన్ని వద్దంటున్నారు.

నడుం పడిపోయిన కుక్క చాలాసార్లు మూత్రం తనంతట తాను పోసుకోలేదు. రోజుకి మూడు నాలుగుసార్లు పొట్ట నొక్కి తీయాలి. అది డాక్టరు దగ్గర నేర్చుకుని, ఆయన ముందే ఒకసారి మీ చేత్తో చేసి చూపించాకే ఇంటికి బయల్దేరండి.