మరుభూమి చిత్రములందు శత్రుస్వరూపము

తొలినాళ్ల మరుభూమి సాహసచిత్రములలో ఇసుకను, ఎండను, దప్పికను ప్రతినాయకస్థానమున నిలిపి వ్యాఖ్యానించుట పరిపాటి. ఇది మాకు సమ్మతము కాదు. ఆలంకారికుల పరిభాషలో జెప్పవలెనన్న, అచట ఎడారి ఉద్దీపనవిభావమే గాని ఆలంబనము గాదు. వైరము మనుష్యులది, అది దాగుటకు ఎడారిలో చాటు లేదు. ఇందులకు రెండు చిత్రములను పరిశీలింతుము.

ఎరిక్ వాన్ స్ట్రోహైమ్ మూకచిత్రము ‘గ్రీడ్’ (1924) ఆద్యంతము సాహసకథ కాకపోయినను, దాని తుదిఘట్టము ఈ కోవకు జెందినదే. దీనికి మూలము ఫ్రాంక్ నారిస్ నవల ‘మెక్‌టీగ్’ (1899). మెక్‌టీగ్, మార్కస్ ఒకప్పటి మిత్రులు. తాను గోరిన ట్రైనాను మార్కస్ మిత్రునకై వదలుకొనెను. ఆమెకు లాటరీలో 5,000 డాలర్లు రాగానే ఆ త్యాగము అసూయగా మారెను. భార్యను జంపి బంగారముతో పారిపోయిన మెక్‌టీగ్‌ను మార్కస్ డెత్ వ్యాలీలో పట్టుకొనును. పరుగిడు కంచరగాడిదను అతడు కాల్చగా, గుండు దానిపై నున్న నీటిపాత్రను గూడ తూట్లు పొడుచును. ఇక ఇరువురికిని చావు తప్పదు. ఐనను వారు బంగారమునకై కలియబడుదురు. మార్కస్ మరణించును, మెక్‌టీగ్ చేయి బేడీలతో ఆ శవమునకు బంధింపబడి యుండును. ఆ బేడీ వేసినది దప్పిక గాదు, నగరమున బుట్టిన వైరము.

జాన్ ఫోర్డ్ ‘ది లాస్ట్ పెట్రోల్’ (1934) ఫిలిప్ మెక్‌డొనాల్డ్ నవల ననుసరించినది. అదే నవల 1929లో బ్రిటనునందు మూకచిత్రముగా వచ్చియుండెను. రంగము ప్రథమ ప్రపంచయుద్ధకాలపు మెసొపొటేమియా. దళాధిపతి ఆదిలోనే గుండుదెబ్బకు గూలును. దళము వచ్చిన పని యెరిగినవాడు అతడొక్కడే. వారు చేరిన ఒయాసిస్సున నీరు గలదు. కావున దప్పిక ఇచట ప్రధానసమస్య గాదు. గుర్రములు అపహృతములగును, సైనికులు ఒక్కొక్కరే నేలకొరగుదురు. కాల్చువాడు మాత్రము కనబడడు. కనబడని శత్రువుపై నిలువలేని క్రోధము తోటివారి మీదికి మరలును. సాండర్సు మతావేశము ఉన్మాదముగా పరిణమించును.

భయానకపోషణమున ఈ కల్పన సమర్థమే. కాని అరబ్బులకు ఇందు ముఖము లేదు, మాట లేదు. తమ నేలపై దిగిన పరాయిసేనను వారేల కాల్చుచున్నారను ప్రశ్నయే చిత్రమున తలయెత్తదు. ఆలంబనము ఇట్లు శూన్యమైనచో సంఘర్షణము వేటగా దిగజారును. తుదకు సార్జెంటు మరతుపాకితో వారిని గూల్చునపుడు ప్రేక్షకునకు ఊరటయే గాని శోకము గలుగదు. నీ మనుష్యులేరని రక్షింపవచ్చినవారు ప్రశ్నింపగా, అతడు సమాధులపై మెరయు కత్తులవైపు మౌనముగా జూచును. ఆ కరుణ గాఢమైనదే, కాని ఏకపక్షము. ‘గ్రీడ్’లో హంతకునియెడలను హతునియెడలను మనకు జాలి కలుగును.

ఎవరు బ్రతికి బయటపడిరను కుతూహలముతో ఈ చిత్రములను జూచుట సహజము. విమర్శకుడు మాత్రము ఇంకొక ప్రశ్న వేయవలెను: చచ్చినవానికి చిత్రమున ముఖము గలదా?