బొమ్మ వదిలేసిన చోటు

సినిమాలో ఆర్‌ఆర్ (నేపథ్య సంగీతం) అదిరిందని మనం ఎప్పుడంటాం? హీరో నడిచొస్తుంటే డప్పులు దద్దరిల్లినప్పుడు, తల్లి కళ్లు తుడుచుకుంటుంటే వయొలిన్లు ఏడ్చినప్పుడు. అంటే కన్ను చూసిందే చెవికి మళ్లీ చెప్పినప్పుడన్నమాట. ఫ్రెంచి సంగీత దర్శకుడు జార్జ్ దెలెర్యూని వినడం మొదలుపెట్టాక నాకు ఆ మోజు తగ్గింది.

గొదార్ తీసిన ‘కంటెంప్ట్’ (1963)లో ఆలుమగల మధ్య దాదాపు అరగంట సాగే అపార్ట్‌మెంట్ సీనుంది. స్నానాలు, బట్టలు మార్చుకోవడాలు, చిన్న చిన్న సాధింపులు. ఇద్దరికీ మధ్య ఒక టేబుల్ ల్యాంపు. భర్త దాన్ని వెలిగిస్తూ ఆర్పుతూ ఉంటే కెమెరా ఆమె వైపూ అతని వైపూ మారుతుంటుంది. ఇంకా సర్దుకోవచ్చేమో అనిపించే గొడవే. ఉండుండి వచ్చే దెలెర్యూ తీగవాద్యాలు మాత్రం అంతా ఎప్పుడో ముగిసిపోయిందని తేల్చేస్తాయి. ఆయన రాసిచ్చింది సుమారు పావుగంట సంగీతమే. గొదార్ దాన్నే సినిమా అంతా తిప్పి తిప్పి వాడాడు. ఇటలీలో విడుదలైన ప్రింటులో ఆ సంగీతం తీసేసి, వేరొకరి చేత జాజ్ పెట్టించారు. ఆ బాణీ పోయాక మిగిలేది కీచులాటే అని నాకనిపిస్తుంది.

త్రూఫో ‘డే ఫర్ నైట్’ (1973) దీనికి పూర్తిగా ఎదురు. అది షూటింగు మీద తీసిన సినిమా. లైట్లు మోస్తారు, ట్రాలీ తోస్తారు, రీటేకుల మీద రీటేకులు చేస్తారు. ఈ రోజువారీ చాకిరీకి దెలెర్యూ ఇచ్చింది బరోక్ కాలపు చర్చి సంగీతమంత ఠీవి ఉన్న ట్రంపెట్లు. ఆ పని ఎంత గొప్పదో మాటలకన్నా గట్టిగా ట్రంపెట్లు చెబుతాయి. రూబే అనే మిల్లుల ఊళ్లో 1925లో పుట్టి, చిన్న వయసులోనే ఫ్యాక్టరీ పనికి వెళ్లిన దెలెర్యూకి చాకిరీ విలువ ఒకరు చెప్పాలా? అదే సినిమాలో సంగీత దర్శకుడు ఫోన్‌లో కొత్త బాణీ వినిపిస్తాడు. ఆ గొంతు దెలెర్యూదే. డైరెక్టరు వేషంలో ఉన్న త్రూఫో అది వింటూనే పార్సిల్ విప్పి డ్రయర్, హిచ్‌కాక్, బ్రెసాన్ల మీద వచ్చిన పుస్తకాలు బల్ల మీద పరుస్తాడు. ఆ పేర్ల మీద అతనికున్న భక్తి గురించి ఒక్క డైలాగూ లేదు. అక్కర్లేదు కూడా.

1979 నాటి ‘ఎ లిటిల్ రొమాన్స్’ సంగీతానికి దెలెర్యూకు ఆస్కార్ వచ్చింది, హాలీవుడ్ దారి తెరుచుకుంది. అక్కడ దెబ్బలూ తగిలాయి. ‘ప్లటూన్’ (1986) కోసం ఆయన సొంతంగా ఒక అడాజియో (నెమ్మదిగా సాగే స్వరరచన) రాశాడు. తెర మీద జనానికి గుర్తుండిపోయింది మాత్రం శామ్యూల్ బార్బర్ అడాజియో. వాద్యబృందం ముందు నిలబడి దాన్ని వాయింపజేసిందీ దెలెర్యూనే.

మూడొందలకు పైగా సినిమాలు చేసి 1992లో కన్నుమూశాడు. ఆయన్ని వినడం మొదలుపెట్టినవాళ్లకు చిక్కొకటుంది. ఆ తర్వాత ఏ సినిమాకెళ్లినా, ఏడుపు సీనులో వయొలిన్లు అందుకోగానే “ఏడుస్తోందని కనబడుతూనే ఉంది కదయ్యా, ఇంకేమన్నా చెప్పు” అనాలనిపిస్తుంది.