కల్పిత కాలమానము - శేషవిచారము

కల్పితలోకమునకు పంచాంగము కూర్చినవాని ప్రతిభ సంఖ్యల పెంపునందు గాక, లెక్కకు లొంగక మిగిలిన శేషమును వినియోగించిన తీరునందు గోచరించునని మా యభిప్రాయము.

‘లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ యనుబంధములలో (1955) టోల్కీన్ హాబిట్ల సంవత్సరమును 30 దినముల మాసములు 12గా విభజించి, శేషించిన 5 దినములను ఏ మాసమునను చేర్పక పండుగలకు విడిచెను. సూర్యసిద్ధాంతమున కల్పము 1000 మహాయుగములు. మన్వంతరమునకు 71 చొప్పున 14 మన్వంతరములకు 994 చెల్లగా, తక్కిన 6 మహాయుగములు 15 సంధులైనవి. ఒక్కొక్క సంధి కృతయుగ ప్రమాణము, అనగా 17,28,000 సంవత్సరములు, అది జలప్రళయకాలము. అచట శేషము ఉత్సవము, ఇచట ప్రళయము.

ఈ గణన వట్టి సంఖ్యావ్యామోహమను వారికి జగ్గయ్యపేట చేరువనున్న వేదాద్రి స్థలపురాణమే సమాధానము. సోమకాసురు డపహరించిన వేదములను మత్స్యమూర్తి యుద్ధరించెను. అవి స్వామి సాన్నిధ్యమును వేడగా, నృసింహావతారమున వచ్చెదనని యాయన మాట యిచ్చెను. అంతదనుక అవి కృష్ణాతీరమున కొండయై వేచియుండెను. ఈ కథలో అంకెలు ముఖ్యములు గావు. దీని నెలవు రెండవతారముల నడిమి యెడము. ఆ నిరీక్షణ యెంత దీర్ఘమో కల్పగణన నెరిగిన శ్రోతకే స్ఫురించును.

హాబిట్ల పంచాంగమును మనము చదువుదుము. పౌరాణిక కాలమాన మట్లు గాదు. నేటికిని కృష్ణలో మునుగు భక్తుడు శ్వేతవరాహకల్పము మొదలు నాటి తిథి వరకు సంకల్పమున చెప్పుకొనును. కావున పరిశోధకులు గణితమును సరిచూచుటతో తృప్తి నొందక, ఆ లెక్క యెవరి నోట, ఏ యవసరమున పలుకబడుచున్నదో పరిశీలింపవలెను.