పేరు లేని తాత్త్వికుడు: బోర్హెస్ కథల్లో అద్దం, ఆత్మ, జీవితచరిత్ర

అర్జెంటీనా రచయిత హోర్హె లూయిస్ బోర్హెస్ (1899–1986) కథల్లో కల్పిత పండితులకు కొదవ లేదు. వారికి గ్రంథాలుంటాయి, ఆ గ్రంథాలకు పాఠభేదాలుంటాయి, వాటిమీద ఖండనమండనలుంటాయి. అద్దం గురించి ఒక సిద్ధాంతమే చేసిన తాత్త్వికుడికి మాత్రం పేరైనా లేదు. 1940లో ‘సుర్’ పత్రికలో వెలువడిన ‘త్లోన్, ఉక్బార్, ఓర్బిస్ టెర్టియస్’ కథలో అతడు ఉక్బార్ అనే దేశానికి చెందిన పాషండాచార్యుడు. మనుషుల సంఖ్యను పెంచేవి కాబట్టి అద్దమన్నా, స్త్రీపురుష సంగమమన్నా అతనికి ఏవగింపు. అతడు ఎప్పుడు పుట్టాడో, ఎవరివద్ద చదివాడో, అతణ్ణి ఎవరు వెలివేశారో కథ చెప్పదు. జీవితం లేని ఈ తాత్త్వికుణ్ణి బోర్హెస్ ఎందుకు కల్పించాడన్నది పరిశీలించదగిన విషయం.

అతని అభిప్రాయం పాఠకునికి చేరే దారి విచిత్రమైనది. రాత్రి భోజనానంతరం సంభాషణలో, నడవా చివర ఉన్న అద్దం కలిగించిన ఇబ్బంది నడుమ, మిత్రుడు బియోయ్ కసారెస్‌కు ఆ మాట గుర్తుకొస్తుంది. ఒక విజ్ఞానసర్వస్వంలో చదివానంటాడు. ఆ ఇంట్లో ఉన్న ప్రతిలో ఉక్బార్ ప్రస్తావనే కనిపించదు. మరునాడు కసారెస్ తన ప్రతి తెరిస్తే, 917 పుటలు ఉండవలసిన సంపుటంలో 921 ఉంటాయి. ఎక్కువైన నాలుగు పుటల్లో సిద్ధాంతం దొరుకుతుంది కాని, జ్ఞాపకంలో ఉన్న రూపంలో కాదు. సంగమం అన్నచోట పితృత్వం ఉంది. పెరిగేది మనుషుల సంఖ్య కాదు, భ్రాంతిమయమైన ఈ దృశ్యజగత్తే. కర్త పేరు అక్కడా లేదు. అంటే ఆ తాత్త్వికునికి మిగిలిన ఒకే ఒక్క మాట కూడా ప్రతిబింబంలా కొంత మారే చేరింది. లోకాయతుల మతాన్ని వారి ప్రత్యర్థుల గ్రంథాల్లోని పూర్వపక్షాల నుంచి, మాధవాచార్యుని ‘సర్వదర్శనసంగ్రహం’ వంటి సంకలనాల నుంచి ఏరుకొని చదివేవారికి ఈ స్థితి కొత్త కాదు. మతం మిగిలి, మనిషి మాయమవడం తత్త్వచరిత్రలో తరచూ జరిగేదే.

అయితే ఈ మాట 1940లో పుట్టింది కాదు. 1935 నాటి ‘అపకీర్తి విశ్వచరిత్ర’ సంపుటిలో మెర్వ్ నగరపు హకీం గురించిన కథ ఉంది. ఎనిమిదో శతాబ్దంలో ఖురాసాన్‌లో అబ్బాసీ ఖలీఫాలపై తిరుగుబాటు నడిపిన ముసుగు ప్రవక్త అతడు, చరిత్రలో ఉన్నవాడే. అతని నోట బోర్హెస్ పెట్టిన మతం దాదాపు ఇదే: ఈ భూమే ఒక పొరపాటు, అద్దాలూ పితృత్వమూ దాన్ని రెట్టింపు చేస్తాయి. కాని హకీంకు ఒక వృత్తి ఉంది, రంగులద్దేవాడు. ఒక ముసుగు ఉంది. కథ చివర ఆ ముసుగును లాగివేస్తే కుష్ఠువ్యాధితో శిథిలమైన ముఖం బయటపడుతుంది. అద్దాన్ని ద్వేషించడానికి అంతకుమించిన కారణం అక్కరలేదు. సిద్ధాంతం అక్కడ ఒక రోగి రహస్యం. ఐదేళ్ల తరువాత బోర్హెస్ ఆ రోగినీ, ముసుగునూ, ముఖాన్నీ తీసివేసి మాటను మాత్రమే ఉంచాడు. కారణం కోల్పోయిన ద్వేషం అప్పుడే తత్త్వమైంది.

రచయితకు బాల్యం నుంచీ అద్దాలంటే భయమనీ, అదే కథల్లోకి వచ్చిందనీ చెప్పడం పరిపాటి. రచయితే ఆ సంగతి చెప్పుకున్నాడు కూడా. కాని ఆ భయాన్ని మొదట ముఖం గలవాడికీ, తరువాత ముఖం లేనివాడికీ ఎందుకిచ్చాడన్న ప్రశ్నకు అది సమాధానం కాదు. ఇక బోర్హెస్ అద్దాన్ని అద్వైతుల ప్రతిబింబవాదంతో జతచేయడం మరీ సులభం, అంతే ప్రమాదకరం. పద్మపాదుని ‘పంచపాదిక’, దానిపై ప్రకాశాత్ముని ‘వివరణం’ చెప్పేది అద్దంలోని ముఖం వేరే ముఖం కాదని. అక్కడ ఉన్నట్టు తోచడమే భ్రాంతి. బింబం సత్యం కాబట్టి ప్రతిబింబం దానికి అన్యం కాలేదు. ఉక్బార్ ఆచార్యునికి బింబమే అబద్ధం, అద్దం ఆ అబద్ధానికి మరో ప్రతి. ‘మిథ్య’ అన్న మాట రెండుచోట్లా పొసగినంత మాత్రాన రెండు దర్శనాలూ ఒకటి కావు.

జీవితాన్ని తీసివేసిన బోర్హెస్, 1949 నాటి ‘ఎల్ అలెఫ్’ సంపుటిలోని ‘అవెరోస్ అన్వేషణ’లో దాన్ని తిరిగి ఇచ్చి చూశాడు. ఈసారి నిజంగా జీవించిన తాత్త్వికుడు, కొర్డోబాలో పుట్టిన ఇబ్న్ రుష్ద్ (1126–1198). అరిస్టాటిల్ కావ్యశాస్త్రానికి వ్యాఖ్య రాస్తూ, నాటకమంటే ఎరుగని సమాజంలో ఉండి ‘ట్రాజెడీ’, ‘కామెడీ’ అన్న రెండు మాటల దగ్గర ఆగిపోతాడు. కిటికీ కింద పిల్లలు మసీదు ఆట ఆడుతుంటారు: ఒకడు మినార్, వాడి భుజాలమీద ఎక్కినవాడు ముఅజ్జిన్, మరొకడు భక్తజనం. అతడు చూస్తాడు, మళ్లీ పుస్తకంలోకి వెళతాడు. చైనాలో నాటకశాలను చూసివచ్చిన యాత్రికుడు చెప్పినా ఎవరికీ అర్థం కాదు. చివరికి ఒకటి స్తుతి, మరొకటి నింద అని రాసుకుంటాడు. ఇది చరిత్రలోని ఇబ్న్ రుష్ద్ వ్యాఖ్యలోనూ ఉన్నదే.

అప్పుడు లోహపు అద్దంలో తన ముఖం చూసుకుంటాడు, ఇల్లూ పుస్తకాలతో సహా మాయమవుతాడు. నాటకాన్ని ఊహించలేని ఇబ్న్ రుష్ద్‌కూ, రెనాన్, లేన్, ఆసీన్ పలాసియోస్‌ల పుస్తకాల్లోని కొన్ని తునకలతో ఇబ్న్ రుష్ద్‌ను ఊహించబోయిన తనకూ తేడా లేదని రచయిత అక్కడ ఒప్పుకుంటాడు. తెలుగు సిద్ధాంతగ్రంథాల్లో ‘జీవితం–రచనలు’ అనే మొదటి అధ్యాయం ఇటువంటి తునకలతోనే తయారవుతుంది. ఒప్పుకోలు మాత్రం ఉండదు. బోర్హెస్ ఆ కథను విఫలయత్నంగా చెప్పుకున్నా, అతని తాత్త్వికుల్లో పాఠకునికి నిజంగా దగ్గరయ్యేది ఈ ఓడిపోయినవాడే.

అద్దంలో ఇబ్న్ రుష్ద్ ఏం చూశాడో తనకు తెలియదని కథకుడు అంటాడు. అతని ముఖం ఎలా ఉండేదో ఏ చరిత్రకారుడూ రాయలేదట. లేని దేశానికి నాలుగు పుటలు సృష్టించినవాడికి ఒక ముఖం సృష్టించడం కష్టమని అనుకోలేం. అక్కడ అతడు సృష్టించలేదు.