దగ్గేవాడు వస్తాడా, మనమే వెళ్ళాలా?

క్షయ రోగిని ఎక్కడ వెతకాలన్న ప్రశ్నకు మన దేశంలో రెండు అధ్యయనాలు రెండు జవాబులిచ్చాయి. ఒకటి, 1963లో ప్రపంచ ఆరోగ్య సంస్థ బులెటిన్‌లో అచ్చయిన బెనర్జీ, ఆండర్సన్‌ల తుమకూరు (కర్ణాటక) పరిశీలన. రెండోది, 2019-21 జాతీయ క్షయ వ్యాప్తి సర్వే. రోగి తానే వస్తాడంది మొదటిది. రాడు, మనమే వెళ్ళాలంటోంది రెండోది.

పరిశోధకులు బెనర్జీ, ఆండర్సన్‌లు అప్పటి సర్వేలో తేలిన క్షయ రోగులతో మాట్లాడారు. ఒంట్లో బాగాలేదని వాళ్ళలో దాదాపు అందరికీ తెలుసు. సగం మందికి పైగా అప్పటికే ఆస్పత్రి గడప తొక్కారు. వాళ్ళ చేతికి దక్కింది మాత్రం దగ్గు మందు సీసా. తప్పు రోగిది కాదు, ఆస్పత్రిదని చూపడమే ఈ పరిశీలన ఘనత. ఊరూరా ఎక్స్‌రే వ్యాన్లు తిప్పేకంటే, వచ్చినవాళ్ళకే దగ్గరి ఆస్పత్రిలో గళ్ళ పరీక్ష చేయాలన్న విధానానికి బలం ఇక్కడి నుంచే వచ్చింది.

కొత్త సర్వేలోనేమో లక్షణాలున్నవారిలో 64 శాతం వైద్యానికే వెళ్ళలేదు. ఎందుకంటే, పట్టించుకోలేదన్నవారే ఎక్కువ. రెండు లెక్కలూ పక్కపక్కన పెడితే జనమే మారిపోయారనిపిస్తుంది. కానీ తుమకూరు లెక్క క్షయ ఉన్నట్టు తేలినవారిది. 64 శాతం లెక్క దగ్గో జ్వరమో ఉన్నవాళ్ళందరిదీ; వాళ్ళలో చాలామందికి క్షయే లేదు. ఎవరిలో శాతమన్నదే వేరైనప్పుడు ఈ అంకెతో ఆ అంకెను కొట్టేయడం కుదరదు.

తుమకూరు వాదానికి అసలు దెబ్బ 42.6తో తగులుతుంది. ఛాతీ ఎక్స్‌రే తీయకుండా లక్షణాలు మాత్రమే అడిగి ఉంటే, కొత్త సర్వేలో దొరికిన రోగుల్లో అంత శాతం చేజారేవారు. పైగా తుమకూరు నాటి విధానం నమ్ముకున్న మైక్రోస్కోపుకు చూపు తక్కువ: మిల్లీలీటరు గళ్ళలో వేలకొద్దీ క్రిములుంటేనే దానికి ఆనుతాయి. ఇప్పటి సీబీనాట్, ట్రూనాట్ పరీక్షలు అంతకన్నా చాలా తక్కువున్నా పట్టేస్తాయి. ఎవరిని వెతకాలి, దేనితో వెతకాలి అన్న రెండింట్లోనూ కొత్త సర్వేదే పైచేయి.

అయితే ఎక్స్‌రే అనుమానం వరకే చెబుతుంది. ఖాయం చేయడానికి గళ్ళ తీయాలి, ల్యాబుకు పంపాలి, ఫలితం తెలిపి మందు మొదలుపెట్టాలి. ఆ పనంతా మళ్ళీ తుమకూరు తప్పుపట్టిన ఆస్పత్రి మీదే పడుతుంది. 2024 డిసెంబర్ 7న మొదలైన వంద రోజుల క్షయ నిర్మూలన ప్రచారంలో చేతిలో పట్టుకెళ్ళే ఎక్స్‌రే యంత్రాలు ఊళ్ళలోకి వెళ్ళాయి. అది అవసరమే. కానీ తీసిన ఎక్స్‌రేలు లెక్కపెట్టుకుని తృప్తిపడితే సగం పనే చూసినట్టు. రెండు వారాల దగ్గుతో తనంతట తాను పీహెచ్‌సీకి వచ్చినవాళ్ళలో ఎంతమందికి గళ్ళ పరీక్ష చేశారన్నది కూడా ప్రతి జిల్లా చెప్పాలి. బెనర్జీ, ఆండర్సన్‌ల అధ్యయనం అడిగే ఆ లెక్కకు ఏ యంత్రమూ బదులు కాదు.